పాతిక అంటే ఎంత?

తెనాలి నుంచి వచ్చే అతిథుల కోసం రామసుబ్రహ్మణ్య రాజా యాభై విస్తళ్ళు వేయించాడు. వచ్చినవాళ్ళు ఇరవై ఐదుగురు. సగం ఆకుల ముందు మనుషులే లేరు. వంటాయన గరిటె పట్టుకొని రాజా ముఖంలోకి చూశాడు. రాజా తమ ఫ్రీమేసన్ లాడ్జి సెక్రటరీ మహేంద్రన్ ముఖంలోకి చూశాడు. మహేంద్రన్ ఎవరి ముఖమూ చూడలేక సాంబారు గిన్నెలోకి చూశాడు.

"మిగతావాళ్ళు వెనక వ్యాన్లో వస్తా ఉండారా బ్రదర్?" అని అడిగాడు రాజా.

"మిగతావాళ్ళెవరండీ?" అన్నాడు తెనాలి లాడ్జి పెద్ద భాస్కరరావు, చేతులు కడుక్కుంటూ. "ఫోన్లో చెప్పానుగా, మేం వందమందిమి, అందులో పాతికమందిమి వస్తున్నామని."

"అదే గదా. నూరులో పాది అంటే యాభై."

"పాది కాదండీ బాబూ, పాతిక! నాలుగో వంతు. ఇరవై ఐదు."

అందరూ విరగబడి నవ్వారు. తమిళనాడులోని ఈ రాజపాళయం తెలుగు రాజులు ఆంధ్ర నుంచి వచ్చి కొన్ని వందల ఏళ్ళయింది. ఇంట్లో మాట్లాడేది తెలుగు, బడిలో చదివేది, ఆఫీసులో రాసేది తమిళం. సగాన్ని 'పాది' అనడం తమిళం నుంచి వచ్చి రాజుల ఇళ్ళలో ఎప్పుడో స్థిరపడిపోయింది. నాలుగో వంతును అక్కడ 'కాలు' అంటారు. అది విని భాస్కరరావు ఇంకా నవ్వాడు. "మా ఊళ్ళో కాలంటే నడవడానికేనండీ, భాగాలు పంచుకోడానికి కాదు" అన్నాడు. రాజా కూడా నవ్వాడు. మిగిలిన అన్నం గవర్నమెంటు ఆసుపత్రిలో రోగుల వెంట ఉండేవాళ్ళకు పంపించి, మాట పడకుండా బయటపడ్డాడు.

కానీ ఆ మాట మాత్రం ఆయన్ని వదల్లేదు. మర్నాడు పొద్దున గడ్డం గీసుకుంటూ ఉంటే, అద్దంలో తన ముఖం బదులు పక్క ఊరు సేత్తూరులో ఒక నులక మంచం కనిపించింది. మంచం మీద ముసలాయన. గొంతులో కఫం. ఆ గొంతు పాతిక అంది. రాజా చేతిలో బ్లేడు ఆగింది.

ఆ మంచం సంగతి చెప్పేముందు ఈ రాజా ఎలాంటివాడో చెప్పాలి. రాజపాళయం రాజుల్లో మిల్లులున్నవాళ్ళు ఉన్నారు, ఆ మిల్లుల్లో గుమాస్తాలుగా బతికినవాళ్ళూ ఉన్నారు. ఈయన రెండో రకం ఇంట్లో పుట్టాడు. తండ్రి పత్తి బేళ్ళు తూకం వేయించే ఉద్యోగం చేసేవాడు. కొడుకు నేల కొలిచే ఉద్యోగంలో చేరాడు. సర్వే శాఖలో ముప్పై ఆరేళ్ళు పనిచేసి రిటైరయ్యాడు. ఇప్పటికీ షేర్ ఆటోవాళ్ళకు ఆయన పూర్తి పేరు తెలియదు. సర్వే రాజా అంటే ఇంటి ముందు దింపుతారు.

కొలతకు పోయేటప్పుడు గొలుసు సంచీలో పెట్టుకొని టౌన్ బస్సెక్కేవాడు. పిలిచిన ఆసామి జీపు పంపించేవాడు. ఈయన ఎక్కడు. ఖాళీ జీపు తళవాయిపురం దాకా బస్సు వెనకాలే పోయేది. ఎవరింట్లోనూ కాఫీ తాగడు. నీళ్ళు కూడా తనవే. ఒకసారి సొంత అన్న కట్టుకున్న ప్రహరీ వీధిలోకి రెండడుగులు వచ్చిందని ఫిర్యాదు వస్తే, తానే పోయి కొలిచి, వీధి వీధంతా చూస్తుండగా కొట్టించాడు. అన్న ఆరేళ్ళు మాట్లాడలేదు. వదిన ఇప్పటికీ మాట్లాడదు.

అలాంటి మనిషి మీద ఒక్క మాటైనా అనడానికి నోరు రాదు. కానీ ఉన్న మాట చెప్పాలి గదా, నిజాయితీ ఆయనకు కొంచెం తలకెక్కింది. "నేను రాసినది రాసినదే" అనేది ఆయన ఊతపదం. లంచం పెట్టేవాడి మాట వినకపోవడం, ఏడ్చేవాళ్ళ మాట వినకపోవడం రెండూ ఒకటే అనుకున్నాడు. రెండింటినీ ఒకే తలుపుతో మూసేశాడు.

ముప్పై ఐదో ఏట ఫ్రీమేసన్ లాడ్జిలో చేరాడు. మిల్లు ఇంజనీరొకాయన ఆయన పద్ధతి చూసి తీసుకుపోయాడు. ఊళ్ళో దాన్ని తలవెట్టి కోయిలు, అంటే తల నరికే గుడి, అనేవాళ్ళు. లోపల తల నరికి మళ్ళీ అతికిస్తారని పుకారు. మొదటి రోజు ఇంటికి రాగానే భార్య అమ్మణి ఆయన మెడ చుట్టూ వేలు పెట్టి తడిమి చూసింది. "అతుకు తెలియలేదు, మంచి పనిమంతులే" అంది. లోపల ఏం జరిగిందో ఆయన ఆమెకు కూడా చెప్పలేదు. బయట జరిగేది మాత్రం అందరికీ తెలుసు: ఆసుపత్రికి బ్యాండేజి గుడ్డ, సేత్తూరులో కంటి క్యాంపులు, చదువు ఆగిపోయేవాళ్ళకు ఫీజులు. తాపీవాళ్ళ మట్టం, మూలమట్టం, గోడ నిలువు చూసే తూకు గుండు అక్కడ మనిషి నడవడికకు గుర్తులు. పగలు నేల మీద పెట్టే కొలతను అక్కడ తన మీద పెట్టుకోవచ్చన్న సంగతి ఆయనకు బాగా నచ్చింది. మూడుసార్లు ఆ లాడ్జికి పెద్ద, వాళ్ళ మాటల్లో మాస్టర్, అయ్యాడు. ఇప్పుడు దక్షిణ జిల్లాల లాడ్జిలన్నిటికీ పెద్దగా ఎన్నుకున్నారు. వచ్చే ఆదివారం సన్మానం. మిల్లు యజమానులు, పాత ఆఫీసర్లు, ఊళ్ళో పెద్దలు అందరినీ పిలిచారు. కార్డు మీద 'తప్పు పడని కొలత' అని తమిళంలో అచ్చు వేయించారు. తెనాలివాళ్ళు వచ్చింది కూడా అందుకే. వారం ముందే వచ్చి చుట్టుపక్కల ఊళ్ళు చూస్తున్నారు.

ఇక ఆ మంచం. అప్పటికి ఆయన ఉద్యోగంలో చేరి నాలుగేళ్ళు. సేత్తూరులో ఒక తెలుగు రైతు, నాలుగెకరాల బావి కింద నేల. ఇద్దరు కొడుకుల్లో పెద్దవాడు భార్యనూ ఆడపిల్లలనూ వదిలి చనిపోయాడు. చిన్నవాడికి వేరే చోట ముందే నేల ఇచ్చి ఉన్నాడు. అందుకని ఈ నాలుగెకరాలు ఎట్లా విడగొట్టాలో తన నోటితోనే సర్వేయరుకు చెప్పి పోదామని ముసలాయన కబురు పెట్టించాడు. "పాతిక చిన్నోనికి. మిగిలినది నా కోడలికి" అన్నాడు. రాజా తమిళంలో 'పాది' అని రాశాడు. అడగలేదు. అడగాలని కూడా తోచలేదు. తెలుగు తనదే కదా. ముసలాయన వేలిముద్ర వేశాడు, వారానికి పోయాడు. ఆ వాంగ్మూలం మీదే పట్టా చెరి రెండెకరాలుగా విడిపోయింది.

కోడలు మూడుసార్లు ఆఫీసుకు వచ్చింది. "మూడు పాళ్ళు నాది సార్" అని మొదలుపెట్టేది. ఆయన కాగితం తిప్పి చూపించేవాడు. మూడోసారి వచ్చినప్పుడు కూర్చోమని కూడా అనలేదు.

ఇదంతా గడ్డం సబ్బు ఆరిపోయేదాకా అద్దం ముందు నిలబడి గుర్తు చేసుకున్నాడు. తర్వాత ముఖం కడుక్కొని సేత్తూరు బస్సెక్కాడు.

ఆ కోడలి పేరు పాప్పమ్మాళ్. డెబ్భై దాటింది. వరండాలో కూర్చొని చింతపండు గింజలు తీస్తోంది. మనవరాలు సత్యప్రియ కుర్చీ తెచ్చి వేసింది. బ్యాంకులో ఉద్యోగం, ఆ రోజు సెలవు.

"నేను సర్వే రాజాను అమ్మా."

"తెలుసు" అంది పాప్పమ్మాళ్. గింజలు తీయడం ఆపలేదు.

ఆయన చెప్పాల్సిందంతా దారిలో కూడబలుక్కున్నాడు. తీరా నోటికి వచ్చింది రెండు ముక్కలే. "మీ మామ ఆ దినము పాతిక అన్నాడు. నేను పాది అని రాసినాను. నాకు ఆ మాట తెలియదమ్మా."

ఆమె చేయి ఆగింది. "తెలియదా?"

"తెలియదు."

"తెలుగు మాట గదా?"

"మా ఇంట్లో ఆ మాట లేదు. నిన్ననే తెలిసె."

పాప్పమ్మాళ్ ఆయన్ని తేరిపార చూసింది. ముందు పెదవి కదిలింది, తర్వాత భుజాలు కదిలాయి, చివరకు దగ్గు వచ్చేదాకా నవ్వింది. సత్యప్రియ నీళ్ళు తెచ్చి ఇచ్చింది.

"నేను ఏమి అనుకొన్నాను తెలుసునా సార్? మా మరిది మీకు దుడ్డు ఇచ్చినాడు అనుకొన్నాను. ఈ ముప్పై ఎనిమిది ఏండ్లు ఈ ఇంట్లో మీ పేరు దుడ్డు వాంగినోడు, లంచము తిన్నోడు అనే. కూతుర్లకి అట్లనే చెప్పి పెంచినాను. ఇదో, ఈ పిల్లకి కూడా అట్లనే చెప్పినాను. మీరు చూస్తే తెలుగు తెలియనోరు!"

సత్యప్రియ తల వంచుకుంది. పరాయి ఇంట్లో మంచినీళ్ళు ముట్టకుండా రాజా దాచుకున్న పేరు అది. ఊరంతా మెచ్చుకుంటోందనుకున్నాడు. ఒక ఇంట్లో మాత్రం ఇన్నేళ్ళుగా లంచగొండి. ఆయనకు కోపం వచ్చింది, కానీ ఎవరి మీద పడాలో దానికి తెలియలేదు.

"ఒక్క పైసా కూడా..." అన్నాడు.

"ఇప్పుడు తెలిసె గదా" అంది పాప్పమ్మాళ్. ఆమె గొంతులో నవ్వు పోయింది. "అయితే సార్, మాట తెలియకపోతే పరవాలేదు. నేను మూడు తూర్లు వచ్చినాను. పాతిక అంటే నాలుగులో ఒకటి అని చెప్పేదానికే వచ్చినాను. ఒక తూరైనా చెప్పనిచ్చినారా? నేను నోరు తెరిచేదానికి ముందే కాగితం చూపించినారు. ఆ ఒక ఎకరా ఉండింటే పెద్దదాన్ని చదివించి ఉంటాను. పద్నాలుగు ఏండ్లకే జిన్నింగు మిల్లుకి పంపించినాను."

సత్యప్రియ కాఫీ తెచ్చి పెట్టింది. "తాగండి, ఇప్పుడు ఆఫీసరు కాదు గదా" అంది పాప్పమ్మాళ్. ఆయన తాగాడు. తియ్యగా ఉందో చేదుగా ఉందో ఆయనకు తెలియలేదు.

పక్క పొలంలోనే ఉంది మరిది కుటుంబం. మరిది పోయి పదేళ్ళయింది, కొడుకు శక్తివేల్ సాగు చేస్తున్నాడు. రాజా పొలం గట్టు మీద నిలబడి మళ్ళీ అదే చెప్పాడు. ఎకరా తిరిగి పాప్పమ్మాళ్‌కు రావాలంటే శక్తివేల్ మనసొప్పి రాసివ్వాలి, వేరే దారి లేదు. శక్తివేల్ ట్రాక్టరు ఆపి దిగి, తుండుతో ముఖం తుడుచుకొని విన్నాడు.

"మా నాయన నోరు మూసుకొని ఉన్నాడు. అది తప్పే, నేను కాదు అనను" అన్నాడు. "అయితే దుడ్డు ఇయ్యలేదు. లంచము ఇచ్చి అన్న పెండ్లాము నేల తిన్నాడు అని ఊరంతా అనిరి. మా చెల్లెలి పెండ్లికి పెద్దమ్మ ఇంటి నుంచి ఒక్కరు రాలేదు. చచ్చేదాకా ఆయన టీ అంగడి దగ్గర కూర్చోలేదు సార్. ఆదివారము మీకు విళా, సన్మానము అంట గదా, ఊరంతా వస్తాది. అక్కడ చెప్పండి. చెప్తే ఆ ఎకరా పెద్దమ్మకి రాసిస్తాను."

"నీకు ఇప్పుడు చెప్పినాను గదయ్యా."

"నాకు మీరు చెప్పేది ఎందుకు? నాకు ముందే తెలుసు."

మహేంద్రన్ ఈ సంగతి విని కుర్చీలోంచి లేచాడు. "బ్రదర్, అఫిడవిట్ రాసిచ్చేద్దాము. లాయరు ఉండాడు. ఆ శక్తివేల్‌తో నేను మాట్లాడతాను. విళాలో ఎందుకు? ఇది మీ ఒక్కరి పేరు కాదు, లాడ్జి పేరు. ఇప్పటికే మనల్ని ఏమేమో అంటారు. సోమవారము చెప్పండి, ఒక్క దినములో ఏమి మునిగిపోతాది?"

అది తప్పుడు సలహా అని రాజాకు ఆ క్షణాన అనిపించలేదు. నిజానికి చాలా తెలివైన సలహా అనిపించింది. గురువారం అనిపించింది, శుక్రవారం ఇంకా గట్టిగా అనిపించింది. వేలాది కొలతలు సరిగా కొలిచినవాడు ఒక్క మాట తప్పాడని ఊరంతటి ముందు ఎందుకు చెప్పుకోవాలి? కార్డులు పంచేశారు. దండలకు చెప్పేశారు. ఎకరా వస్తే చాలదా, దానికి తన ముఖం కూడా కావాలా? ఇలా అనుకుంటూ శనివారం పొద్దున పత్రిక తలకిందులుగా పట్టుకొని కూర్చున్నాడు.

అమ్మణి ఆ పత్రిక తీసి తిప్పి చేతిలో పెట్టింది. విషయం ఆమెకు మొదటి రోజే చెప్పాడు.

"ఏమండీ, మీ అన్న గోడ కొట్టించినారే, అది తనిగా, ఎవరూ చూడకుండా కొట్టించినారా?"

రాజా ఆమె వైపు చూశాడు.

"మీ వదిన ఆ దినము వాకిట్లో నిలబడి ఏడ్చినది. ఒక గంట ఓర్చుకోండి, జనాలు పోయినాక కొట్టించండి అని మీ కాలు పట్టుకొన్నది. మీరు ఓర్చుకోలేదు. నాకు ఆ దినము మీ మీద రొంబ కోపము వచ్చినది. ఇంత దాకా చెప్పలేదు." అంత మాట అని వంటింట్లోకి పోయింది.

ఆదివారం పదకొండు గంటలకు హాలు నిండింది. ముందు వరుసలో మిల్లు యజమానులు, వాళ్ళ వెనక తెనాలి అతిథులు. చివరి వరుసలో పాప్పమ్మాళ్, సత్యప్రియ. శక్తివేల్ కూర్చోకుండా స్తంభానికి ఆనుకొని నిలబడ్డాడు. నలుగురు నాలుగు ప్రసంగాలు చేశారు. నలుగురూ అన్న గోడ కథే చెప్పారు. ఒక మిల్లు యజమాని గులాబీ దండ పట్టుకొని వేదిక మీదికి వచ్చేసరికి రాజా చేయెత్తి ఆపాడు. మైకు దగ్గరకు పోయి తమిళంలో రెండు వాక్యాలు చెప్పి, తర్వాత తెలుగులోకి వచ్చాడు.

"సేత్తూరులో ఒక పెద్దాయన చచ్చేముందు పాతిక అన్నాడు. నేను పాది అని రాసినాను. దానివల్ల వెనక కూర్చున్న పాప్పమ్మాళ్‌కి ఒక ఎకరా పోయినది. ఆమె మరిది నాకు దుడ్డు ఇచ్చినాడు అని ఊర్లో చెప్పుకొన్నారు. ఆయన నాకు ఏమీ ఇయ్యలేదు. నేను ఏమీ వాంగలేదు. ఆయన ఆ పేరుతోనే చచ్చిపోయినాడు."

భాస్కరరావు నవ్వు మొదలుపెట్టబోయి, ముఖాలు చూసి మానుకున్నాడు. ముందు వరుసలో ఎవరో "ఒక మాట తప్పు గదా, దీనికి ఇంత ఎందుకు రాజా?" అన్నారు, ఓదార్పుగానే.

"మాట తెలియక పోయేది తప్పు కాదు" అన్నాడు రాజా. "ఆమె మూడు తూర్లు వచ్చినది. నేను వినలేదు. ఎవరు వచ్చినా వినలేదు. అది నా గొప్ప అనుకొన్నాను."

ఎవరూ చప్పట్లు కొట్టలేదు. దండ పట్టుకున్నాయన దాన్ని వేయాలో మానాలో తెలియక అలాగే నిలబడ్డాడు. రాజాయే దండ అందుకొని బల్ల మీద పెట్టి, పోయి కూర్చున్నాడు. స్తంభం దగ్గర శక్తివేల్ తుండు ముఖానికి అడ్డం పెట్టుకొని ఏడుస్తున్నాడు. నలభై ఏళ్ళ మనిషి, వెక్కి వెక్కి. పాప్పమ్మాళ్ లేచి మెల్లగా నడిచి పోయి అతని పక్కన నిలబడింది. పట్టుకోలేదు. పక్కన నిలబడింది, అంతే.

శక్తివేల్ మాట తప్పలేదు. వారంలో రిజిస్ట్రేషను అయింది. కొత్త హద్దు రాళ్ళు పాతారు. లాడ్జిలో రాజాను పదవి నుంచి దిగమని ఎవరూ అనలేదు. మహేంద్రన్ మాత్రం కొన్నాళ్ళు బ్రదర్ అనడం మాని సార్ అన్నాడు. ఇదంతా రాజా ఊహించుకున్నదే. ఊహించనిది ఆ తర్వాతి బుధవారం పొద్దున జరిగింది.

రాజా ఇంటి గేటు దగ్గర ఎనిమిది మంది. చేతుల్లో ప్లాస్టిక్ కవర్లు, కవర్లలో పాత పట్టాలు, ఆయన సంతకంతో. అందరికంటే ముందు తళవాయిపురం కామరాజ్, ఎనభై ఏళ్ళ ముసలాయన.

రాజా అతన్ని లోపలికి పిలిచి, అద్దాలు పెట్టుకొని కాగితం ఆసాంతం చదివాడు. హద్దులు చూశాడు, పటం చూశాడు, లెక్క వేసి చూశాడు. ప్రాణం కొంచెం కుదుటపడింది. "ఇది సరిగానే ఉండాది పెద్దాయనా" అన్నాడు.

"మీరు సరి అంటే నేను ఎట్ల నమ్మేది?" అన్నాడు కామరాజ్. ఎత్తిపొడుపు లేదు, మామూలుగానే అడిగాడు. "తప్పు రాస్తాను, వినను అని మీరే గదా చెప్పినారు?"

ఇన్నేళ్ళ జీవితంలో ఆయన్ని ఎవరూ అలా అడగలేదు. ముఖం ఎర్రబడింది. 'నేను రాసినది' అనే మాట నాలుక చివరి దాకా వచ్చింది. వాకిట్లో మిగతా ఏడుగురూ అటే చూస్తున్నారు. రాజా కాగితం మడిచి ముసలాయన చేతికిచ్చాడు. కుర్చీ దగ్గరికి లాక్కొని కూర్చున్నాడు.

"మీరు చెప్పండి" అన్నాడు. "ఆ దినము నాతో ఏమి చెప్పాలని వచ్చినారో అది చెప్పండి."

కామరాజ్ మొదలుపెట్టాడు. ముందు తన తాత దగ్గరికి పోయాడు, అక్కణ్ణుంచి ఒక మడవ దగ్గరికి, ఒక ఎద్దుల జత దగ్గరికి, చనిపోయిన తమ్ముడి దగ్గరికి వచ్చాడు. ముప్పావు గంట పట్టింది. కొలతలో తప్పేమీ లేదు. రాజా చివరిదాకా విన్నాడు.